ఆ రీళ్లలో సముద్రాన్ని ఊగనివ్వండి

నూట పాతికేళ్ల నాటి మూకీ రీళ్లకు ఏఐతో రంగులద్ది, కుదుపులు తీసేసి, సెకనుకు 60 ఫ్రేములకు సాగదీసిన వీడియోలు చాలామంది చూసే ఉంటారు. వీధుల్లో గుర్రబ్బళ్లు, ట్రాములు, టోపీలు పెట్టుకున్న జనం. ఇప్పుడు అదే వైద్యం సముద్రం మీద తీసిన రీళ్ల దాకా వచ్చింది. 1899, 1901, 1903ల్లో న్యూయార్క్ బయట శాండీ హుక్ దగ్గర జరిగిన అమెరికాస్ కప్ యాట్ (పందేలకు కట్టిన పెద్ద తెరచాప పడవ) పందేల రీళ్లనూ అది వదల్లేదు. పాత కాపీ చూస్తే కళ్లు తిరుగుతాయి, ఇదైతే హాయిగా ఉంది అన్నదే వీటికి దక్కే మెప్పు.

వీధి రీలుకు ఈ వైద్యం చేస్తే కొంత పోతుంది, చాలా మిగులుతుంది. గోడలు కదలవు, కిటికీలు కదలవు, మనిషి నడక ఎలా ఉంటుందో మనకు తెలుసు. యంత్రం తప్పు చేస్తే కన్ను పట్టేస్తుంది. నీటి మీద తీసిన రీలులో అలా ఆనవాలు పట్టడానికి ఏదీ ఉండదు. ఆకాశం, నీళ్లు, మధ్యలో తెరచాపలు, అంతే. అన్నీ కదిలేవే. కెమెరా నిలబెట్టిన డెక్కు కూడా కదిలేదే. ఆ రీలు మనకు చెప్పగలిగిందంతా ఆ కదలికలోనే ఉంది. దాన్నే తుడిచేసి బాగుచేశామనుకోవడం నాకు మింగుడుపడటం లేదు. ఎందుకో లెక్కలతో సహా చెప్తాను.

ఐదున్నర గంటల పందెం, వంద సెకన్ల రీలు

పందెం దూరం 30 నాటికల్ మైళ్లు (ఒక్కోటి 1.85 కి.మీ.). ఒక రోజు ఎదురుగాలికి 15 మైళ్లు వెళ్లి గాలివాలున 15 మైళ్లు తిరిగి రావాలి. మరో రోజు పదేసి మైళ్ల భుజాలున్న త్రికోణం. ఐదున్నర గంటల్లో ఎవరూ ముగించకపోతే ఆ రోజు పందెం చెల్లదు. 1899 అక్టోబరు 3న మొదలైన పందేలు గాలి చాలక మళ్లీ మళ్లీ రద్దయి, మొదటి ఫలితం తేలేసరికి 16వ తేదీ వచ్చింది. 17న సవాలు విసిరిన యాట్ షామ్‌రాక్ టాప్‌మాస్ట్ (తెరచాప కొయ్య పైముక్క) విరిగింది. 20న అమెరికా యాట్ కొలంబియా మూడో పందెమూ గెలిచి కప్పు నిలబెట్టుకుంది. ఈ సంగతులు ఒడ్డుకు చేరడానికి రీలు అక్కర్లేకపోయింది. ఆ ఏడాది మార్కోనీ స్వయంగా సముద్రం మీద ఉండి, న్యూయార్క్ హెరాల్డ్ పత్రికకు వైర్‌లెస్‌లో పందెం కబుర్లు అందించాడు. రీలు కడిగి, ప్రింటు తీసి, తెర మీద వేసేసరికి గెలిచిందెవరో ఊరంతా తెలిసిపోయేది. కాబట్టి పందెం కథ సరిగా చెప్పలేదని ఆ రీళ్లను తప్పుపట్టడంలో అర్థం లేదు. వాటి పని అది కాదు.

రీలు ఎంతసేపు? 35 మి.మీ. ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు. చేత్తో తిప్పే కెమెరా హ్యాండిల్ ఒక చుట్టుకు 8 ఫ్రేములు నడుస్తాయి, సెకనుకు రెండు చుట్లు తిప్పితే ఒక అడుగు ఖర్చు. 100 అడుగుల రీలంటే 1,600 ఫ్రేములు, వంద సెకన్లు. ఐదు గంటల పందెంలో ఏ వంద సెకన్లు తీయాలి? అందుకే మిగిలిన రీళ్లలో ఎక్కువగా కనిపించేవి మూడే సందర్భాలు: స్టార్ట్, గుర్తు పడవను చుట్టి మళ్లడం, ముగింపు. మధ్యలో పడవలు విడిపోతాయి, దూరమైపోతాయి, ఫిల్ము దండగ.

దూరం అన్నది ఇక్కడ అసలు చిక్కు. ఆ కెమెరాలకు సాధారణంగా ఉండేది 2, 3 అంగుళాల లెన్సు. 2 అంగుళాలు, అంటే 50 మి.మీ. అనుకుందాం. ఫ్రేము సుమారు 24 మి.మీ. వెడల్పు, 18 మి.మీ. ఎత్తు. 1903లో గెలిచిన రిలయన్స్ తెరచాప కొయ్య కొస నీటి నుంచి 199 అడుగుల ఎత్తులో, అంటే దాదాపు 61 మీటర్ల ఎత్తులో ఉండేది. ముందు దూలం కొస నుంచి వెనక బూమ్ (తెరచాప అడుగున ఉండే దూలం) కొస దాకా 201 అడుగులు. తెరచాపల విస్తీర్ణం 16,160 చదరపు అడుగులు. హుస్సేన్ సాగర్‌లో ఏటా జరిగే సెయిలింగ్ పోటీల్లో కనిపించే లేజర్ పడవ పొడవు 14 అడుగులు. ఆ రెంటినీ పక్కపక్కన ఊహించుకోండి. అంత ఎత్తు పడవ ఫ్రేములో నిండుగా పట్టాలంటే కెమెరా సుమారు 170 మీటర్ల దూరంలో ఉండాలి. అంతకన్నా దగ్గరకు వెళ్తే టాప్‌సెయిల్ (అన్నిటికన్నా పైన ఉండే తెరచాప) ఫ్రేములోంచి తెగిపోతుంది. ఒక నాటికల్ మైలు దూరం జరిగితే అదే పడవ ఫిల్ము మీద 1.6 మి.మీ. ఎత్తుకు, ఫ్రేము ఎత్తులో పదోవంతు కన్నా తక్కువకు కుంచించుకుపోతుంది.

పోనీ దగ్గరకు వెళ్దామా అంటే కుదరదు. 1895 పందేల్లో చూసేవాళ్ల స్టీమర్లు యాట్ల మీదికి తోసుకొచ్చి పెద్ద రభసే అయింది. అందుకని 1899 నుంచి ప్రభుత్వ నౌకలు కాపలా కాసి, చూసేవాళ్లను పందెం దారికి ఆమడ దూరం నెట్టేవి. కెమెరామన్ ఎక్కిన పడవా ఆ గుంపులోదే. రీళ్లలో యాట్లు చిన్న ముక్కల్లా కనబడటానికి చేతకానితనం కారణం కాదు, ఈ కాపలా గీత కారణం.

ఇప్పుడు ఏఐ పెద్దది చేసిన వీడియోకు రండి. మైలు దూరంలోని రిలయన్స్‌కు కొయ్యను నిలబెట్టే తీగలు స్పష్టంగా కనిపిస్తుంటాయి. అంగుళం మందం తీగ, మైలు దూరం, 50 మి.మీ. లెన్సు: ఫిల్ము మీద దాని మందం మిల్లీమీటరులో వెయ్యో వంతు కూడా రాదు. ఆనాటి ఫిల్ము రేణువు కన్నా అది చిన్నది. అంటే ఆ తీగను కెమెరా చూడలేదు. యంత్రం వేలకొద్దీ వేరే పడవ బొమ్మలు చూసి నేర్చుకున్న తీగను ఇక్కడ గీసింది. తెరచాప మీది కుట్ల వరసలూ అంతే. ఆ రోజుల్లో గుడ్డ పేటలను తెరచాప వెనక అంచుకు సమాంతరంగా కుట్టే పద్ధతి ఒకటి, అడ్డంగా కుట్టే పద్ధతి ఒకటి ఉండేవి. గాలికి తెరచాప ఆకారం నిలవడంలో ఆ తేడా పెద్దది. యంత్రం గీసిన కుట్లను నమ్మి ఎవరైనా ఆ పడవకు ఏ పద్ధతి వాడారో రాస్తే, అది చరిత్రలో తప్పు రాయడమే.

తెల్లని ఆకాశం, నల్లని జెండా

ఆనాటి ఫిల్ము నీలం, ఊదా వెలుగునే గట్టిగా పట్టేది. ఆకుపచ్చ అంతంత మాత్రం, ఎరుపు అసలు పట్టదు. అందువల్ల నీలాకాశం తెల్లగా పడుతుంది, ఎర్ర జెండా నల్లగా పడుతుంది. ఎండ తగిలే తెల్ల తెరచాప తెల్లటి ఆకాశంలో కలిసిపోయి, కొయ్య మాత్రమే గీతలా మిగులుతుంది. పసుపు ఫిల్టరు పెట్టి ఆకాశాన్ని నల్లబరుద్దామంటే ఆ ఫిల్ముకు పసుపు వెలుగే కనిపించదు, ఫ్రేము మొత్తం చీకటైపోతుంది. ఉన్న ఉపాయం ఒక్కటే: తెరచాప నీడ వైపు కనబడేలా నిలబడటం. అప్పుడు తెరచాప బూడిద రంగులో ఆకాశం ముందు నిలుస్తుంది. కొత్త నూలు తెరచాప పాలమీగడ రంగులో ఉండటం కూడా కాస్త కలిసొచ్చేది, ఆ కొంచెం పసుపుదనమే దాన్ని ఆకాశం కన్నా ఒక పాలు ముదురుగా చూపేది.

కాబట్టి రీలులో తెరచాప నల్లగా ఉందంటే సూర్యుడు ఎటున్నాడో చెబుతున్నట్టు. స్టార్ట్ సమయం పత్రికల్లో నిమిషాలు, సెకన్లతో సహా దొరుకుతుంది. సమయం తెలిస్తే సూర్యుడి దిక్కు తెలుస్తుంది, దాన్నిబట్టి కెమెరా స్టీమరు స్టార్ట్ గీతకు ఏ పక్కనుందో తెలుస్తుంది. రంగులద్దే యంత్రానికి ఇదేమీ పట్టదు. నల్లటి తెరచాప కనబడితే దానికి మాసిన గోధుమ రంగు వేస్తుంది, ఆకాశానికి నీలం వేస్తుంది. షామ్‌రాక్ పడవ పైభాగం ఆకుపచ్చ. ఫిల్ము మీద ఆకుపచ్చ, ఎరుపు, నలుపు మూడూ ముదురు బూడిదే కదా, ఆ పడవది ఏ రంగో ఫ్రేములోంచి తేల్చే దారి లేదు. పుస్తకం చూసి వేయాలి. యంత్రం పుస్తకం చూడదు.

గడియారం నీళ్లలోనే ఉంది

రంగులు, తీగలు పక్కన పెట్టినా, సెకనుకు 60 ఫ్రేములు చేయడం అన్నిటికన్నా పెద్ద నష్టం.

ఏ పాత రీలుకైనా మొదటి ప్రశ్న, దీన్ని సెకనుకు ఎన్ని ఫ్రేముల వేగంతో తీశారు? చేత్తో తిప్పిన కెమెరా 14 కావచ్చు, 20 కావచ్చు. అమెరికా సినిమా సంస్థ బయోగ్రాఫ్ కంపెనీ మొదట్లో వాడిన మోటారు కెమెరా 68 మి.మీ. ఫిల్మును సెకనుకు 30 ఫ్రేముల దాకా లాగేది. వీధి రీలైతే మనుషుల నడక చూసి వేగం సరిచేస్తారు. యాట్ రీలులో నడిచే మనిషి ఉండడు. అందుకని చాలామంది కళ్లకు నచ్చినంత పెట్టేస్తారు. నిజానికి ఇక్కడ నడక కన్నా నమ్మకమైన గడియారం ఉంది. లోతైన నీటిలో అల పొడవుకూ దాని కాలానికీ విడదీయలేని సంబంధముంది. పొడవు మీటర్లలో = 1.56 × కాలం × కాలం. 25 మీటర్ల అలకు కాలం 4 సెకన్లు. కొలంబియా పొడవు 131 అడుగులు, దాదాపు 40 మీటర్లు. ఒక అల శిఖరం నుంచి తరువాతి శిఖరానికి దూరం సరిగ్గా పడవంత ఉందనుకోండి, నిలకడగా ఉన్న చోట ఐదు సెకన్లకొక శిఖరం దాటాలి. లంగరేసి ఉన్న గుర్తు పడవ దగ్గర శిఖరానికీ శిఖరానికీ మధ్య 80 ఫ్రేములు లెక్కకొస్తే రీలు వేగం 16. వంద వస్తే 20.

ఈ లెక్కలో ఒక వెసులుబాటుంది. వర్గమూలం కాబట్టి, అల పొడవు అంచనాలో 20 శాతం తప్పినా కాలంలో సుమారు 10 శాతమే తప్పుతుంది. చేయకూడని తప్పులూ ఉన్నాయి. అలల వరసను ఏటవాలుగా చూస్తున్నప్పుడు పొడవు తప్పుగా కనిపిస్తుంది, కాబట్టి అలలు కెమెరాకు అడ్డంగా పోతున్న షాటే తీసుకోవాలి. నడుస్తున్న స్టీమరు పక్కన శిఖరాలు లెక్కపెట్టకూడదు, స్టీమరు వేగం అందులో కలిసిపోతుంది. ఒక్క అలను నమ్మకూడదు, కనీసం ఐదారు శిఖరాల సగటు తీయాలి. ఎందుకంటే సముద్రం మీద పొడుగు అలలూ పొట్టి అలలూ కలగలిసే ఉంటాయి.

సరిచూసుకోవడానికి రెండో గడియారం యాట్ పక్కనే ఉంటుంది. పడవ నడుస్తుంటే ముందు కొస దగ్గర ఒక అల లేస్తుంది, దాని వెనక పడవ ఒంటి వెంబడి ఇంకొకటి. ఆ రెండు శిఖరాల మధ్య దూరం పడవ వేగాన్ని చెప్పేస్తుంది. దూరాన్ని అడుగుల్లో తీసుకుని వర్గమూలాన్ని 1.34తో గుణిస్తే నాట్లలో, అంటే గంటకు నాటికల్ మైళ్లలో వేగం. శిఖరాల మధ్య 60 అడుగులుంటే వేగం 10.4 నాట్లు. ఆ వేగంలో 131 అడుగుల పడవ, లంగరేసిన లైట్‌షిప్‌ను (లైట్‌హౌస్ బదులు సముద్రం మీద నిలిపే దీపపు నౌకను) ముందు కొస నుంచి వెనక కొస దాకా దాటడానికి ఏడున్నర సెకన్లు పడుతుంది. 119 ఫ్రేములు వస్తే 16, 149 వస్తే 20. రెండు గడియారాలూ ఒకే అంకె చెబితే నిశ్చింతగా ఉండొచ్చు. చెప్పకపోతే ఎక్కువసార్లు తప్పు రెండోదానిలో ఉంటుంది, దానికి కారణం కెమెరా స్టీమరు నడక. యాట్ 200 మీటర్ల దూరంలో, లైట్‌షిప్ 220లో ఉంటే, స్టీమరు సెకనుకు 3 మీటర్లు పక్కకు జరుగుతున్నా తప్పు 5 శాతమే. లైట్‌షిప్ 400 మీటర్లలో ఉంటే తప్పు పావు వంతు దాటుతుంది. అందుకే యాట్ లైట్‌షిప్‌ను ఆనుకున్నట్టుగా దాటే షాటే వెతకాలి. గుర్తు పడవను చుట్టే షాట్ చూడటానికి బాగుంటుంది కానీ లెక్కకు పనికిరాదు, మళ్లేటప్పుడు వేగం పడిపోతుంది.

సెకనుకు 60 ఫ్రేముల కాపీలో ఈ లెక్కల్లో ఒక్కటీ సాగదు. 16 నుంచి 60 చేశారంటే ప్రతి సెకనులోనూ 44 ఫ్రేములు యంత్రం ఊహించినవి. ఆ ఊహ ఎలా పనిచేస్తుందంటే, ఒక ఫ్రేములోని చుక్క తరువాతి ఫ్రేములో ఎక్కడుందో వెతికి మధ్య దారి గీస్తుంది. ఇటుక గోడకు అది కుదురుతుంది. నీటి తళుకుకు కుదరదు. ఈ ఫ్రేములోని మెరుపు పక్క ఫ్రేములో ఉండనే ఉండదు, వేరే మెరుపు ఉంటుంది. యంత్రం ఆ రెంటినీ ఒకటే అనుకుని ఒకదాన్ని ఇంకోదానిలోకి కరిగిస్తుంది. ఆ కాపీని ఆపి యాట్ ముందు కొస దగ్గరే చూడండి. అసలు రీలులో అక్కడ నురుగు ఒక ఫ్రేములో విసనకర్రలా విచ్చుకుని, తరువాతి ఫ్రేములో చిరిగి, మూడోదానిలో వెనక్కి పరుచుకుంటుంది. సాగదీసిన కాపీలో అక్కడ నూనె లాంటి ఒక తెల్ల ముద్ద సాగుతూ కుదురుతూ ఉంటుంది. శిఖరం ఎక్కడుందో గుర్తుపట్టలేం, 60 అడుగులో 80 అడుగులో కొలవలేం.

1901 మూడో పందెం ముగింపు సంగతి చాలామందికి తెలిసిందే. షామ్‌రాక్ 2 గీతను 2 సెకన్లు ముందు దాటింది. కానీ పడవల కొలతల్ని బట్టి కొలంబియాకు 43 సెకన్ల వెసులుబాటు ఉన్నందున 41 సెకన్ల తేడాతో ఓడింది. రెండు సెకన్లంటే సెకనుకు 16 ఫ్రేముల రీలులో 32 ఫ్రేములు. అంత దగ్గరి పందేల కాలంలో తీసిన రీళ్లకు, ఒక్కో ఫ్రేము ఎంత విలువైనదో వేరే చెప్పక్కర్లేదు.

ఊగే దిగంతం

అందరూ ముందు తీసేయాలనుకునేది ఊపు. దాన్నే నేను ముందు కాపాడమంటాను.

అసలు కాపీలో దిగంతరేఖ ఎడమ వైపు దిగుతుంది, కుడి వైపు లేస్తుంది, కాసేపటికి తిరగబడుతుంది. అది కెమెరా ఎక్కిన పడవ పక్కలకు ఊగడం. వేగం పైన చెప్పినట్టు లెక్కగట్టాక ఈ ఊపు కాలం కూడా తెలుస్తుంది. 16 వేగంలో 90 ఫ్రేములకొక ఊపు అంటే ఐదున్నర సెకన్లు, చిన్న టగ్గు (నౌకలను లాగే పడవ) లక్షణం. 180 ఫ్రేములైతే 11 సెకన్లు, జనాన్ని ఎక్కించుకుని వచ్చిన పెద్ద స్టీమరు కావాలి. దీనికి తోడు ఇంకో కొలత ఉంది. దూరపు దిగంతరేఖ ఏ వస్తువునైనా కెమెరా ఎత్తు దగ్గరే కోస్తుంది. రిలయన్స్ తెరచాప కొయ్యను దిగంతం కింది నుంచి పదోవంతు దగ్గర కోస్తే, కెమెరా నీటికి 20 అడుగుల ఎత్తులో ఉందన్నమాట. పడవ 20 డిగ్రీలు వాలి ఉంటే 199 అడుగుల బదులు 187 అని తీసుకోవాలి. ఊపు కాలం, కెమెరా ఎత్తు కలిపి చూస్తే, కెమెరామన్ టగ్గు డెక్కు మీద నిలబడ్డాడో పెద్ద స్టీమరు పై అంతస్తులో ఉన్నాడో చెప్పొచ్చు. ఎక్కడా రాసి ఉండని సంగతి అది.

స్టెబిలైజ్ చేసే యంత్రం దిగంతాన్ని పట్టుకుని నిలబెట్టేస్తుంది. ఊపు పోతుంది. అలా తిప్పినప్పుడు ఖాళీపడే మూలలను దాచడానికి ఫ్రేము నాలుగు పక్కలా కోసేస్తుంది, దాంతో టాప్‌సెయిల్ కొస, స్టీమరు రెయిలింగు కూడా పోతాయి.  

వెలుగు మిణుకూ ఇలాంటిదే. హ్యాండిల్ నెమ్మదిస్తే షటర్ ఎక్కువసేపు తెరుచుకుంటుంది, ఆ ఫ్రేములు తెల్లబడతాయి. సెకనుకు 16 నుంచి 12కు పడితే ఒక్కో ఫ్రేముకు మూడోవంతు వెలుగు అదనం. ఊగే డెక్కు మీద ఒంటికాలి మీద బరువు మార్చుకుంటూ తిప్పేవాడి చెయ్యి ఒకేలా తిరగదు. రీలు వెలుగు తగ్గుతూ పెరుగుతూ ఉండటం దిగంతం ఊపుతో జోడీగా వస్తుంటే, ఆ మిణుకు అతని చేతిది. మబ్బు వల్ల వచ్చిన మార్పు అలా తాళం వేయదు. మిణుకు తీసేసే సాఫ్ట్‌వేరుకు రెండూ ఒకటే.

ఎదురు వాదనలు

ఇందులో నాకున్న మొదటి అనుమానం నా లెక్కల మీదే. అలల గడియారం 10, 15 శాతం తప్పు చూపగలదు. అంటే 16కూ 20కీ తేడా చెబుతుంది, 16కూ 18కీ చెప్పలేదు. అంత మోటు కొలత కోసం జనం చూడలేని రీలును అలాగే ఉంచాలా అని అడగొచ్చు. కానీ తప్పుకు హద్దు తెలిసిన మోటు కొలత ఒక ఆధారం. కంటికి నచ్చిందని పెట్టిన వేగానికి హద్దే లేదు.

రెండోది, ఆ రోజుల్లో ప్రొజెక్టరు తిప్పేవాడూ తనకు తోచిన వేగంతోనే తిప్పాడు, కాబట్టి అసలైన వేగం అనేదే లేదు అనే మాట. ప్రదర్శన వరకు అది నిజమే. కెమెరాలో ఫిల్ము నడిచిన వేగం మాత్రం ఆ రోజు ఆ డెక్కు మీద జరిగిపోయిన సంగతి, దానికి రెండో జవాబు లేదు.

మూడోదే బరువైనది. ఇప్పుడు మనం చూసే కాపీలు మాత్రం అసలువా? నిజమే, కావు. 1912 దాకా అమెరికా చట్టంలో సినిమాకు సినిమాగా హక్కు లేదు. ఫోటోకు ఉంది. అందుకని కంపెనీలు రీలు మొత్తాన్ని పొడవాటి కాగితపు చుట్ట మీద ఫోటోలుగా అచ్చుతీసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో దాఖలు చేసేవి. నైట్రేటు ఫిల్ములు కుళ్లిపోయాయి, కాలిపోయాయి. కాగితం నిలిచింది, మూడు వేలకు పైగా సినిమాలు అలా బతికాయి. 1950ల నుంచి ఫిల్ము పునరుద్ధరణ పని చేసిన కెంప్ నైవర్ వాటిని ఒక్కో ఫ్రేము చొప్పున 16 మి.మీ. ఫిల్ము మీదికి మళ్లీ ఫోటో తీశాడు. కాగితపు పీచు, ముడత, 16 మి.మీ.కు కుదింపు, ఇవన్నీ దాటి మనదాకా వచ్చిన బొమ్మ అది. సన్నని గీతలు దారిలోనే రాలిపోయాయి. అయినా ఆ పనిలో ఒక నియమం చెడలేదు: ఒక ఫ్రేముకు ఒక ఫ్రేము. నైవర్ ఏదీ కలపలేదు. పోయిందేదో పోయింది కానీ లేనిది వచ్చి చేరలేదు. ఈ తేడా తెలుగువాళ్లకు విడమరిచి చెప్పక్కర్లేదనుకుంటాను. 1921 నాటి మన తొలి మూకీ ఇవాళ చూద్దామంటే దొరకదు. కాగితం చుట్ట మీద మసకగా అయినా అది మిగిలి ఉంటే కళ్లకద్దుకునేవాళ్లం, ఆ మసకలోంచే కొలతలు తీసేవాళ్లం.

నాలుగోది, ఈ రంగుల వీడియోల వల్లే కదా కొత్తవాళ్లు ఈ రీళ్ల వైపు వస్తున్నారు అనేది. వస్తున్నారు, సంతోషమే. వచ్చినవాళ్లకు పక్కనే ముట్టుకోని కాపీ దొరకాలి. వెతికితే ముందు వరసలో వచ్చేది రంగుల కాపీయే అయినప్పుడు, అసలుది ఎక్కడో అడుగున పడి ఉంటే చాలదు.

చేయాలనుకుంటే ఇలా చేయండి

కుదుపుల్లో రెండు రకాలున్నాయి. కెమెరా గేటులో (లెన్సు వెనక ఫిల్ము నిలిచే చోట), కాగితం అచ్చులో ఫ్రేము సరిగా కూర్చోక వచ్చే కుదుపు ఒకటి. అది ఫ్రేముకూ ఫ్రేముకూ మారుతుంది, బొమ్మతో పాటు ఫ్రేము అంచు కూడా ఎగురుతుంది. దాన్ని తీసేయడం న్యాయమే, అది యంత్రం తప్పు. సముద్రం ఊపు నెమ్మదిగా, సెకన్ల తరబడి వస్తుంది, అందులో ఫ్రేము అంచు కదలదు. కాబట్టి సాఫ్ట్‌వేరులో పట్టు ఫ్రేము అంచుకు ఇవ్వాలి, బొమ్మలోని దేనికీ ఇవ్వకూడదు. అంచు కనబడే స్కాను ఉంటేనే ఇది కుదురుతుంది, ముందే అంచులు కోసిన కాపీతో మొదలుపెట్టకండి.

తరువాత నకళ్లు ఏరాలి. పాత వీడియో బదిలీల్లో సెకనుకు 30 చేయడానికి ఫ్రేములను రెట్టించి ఉంటారు, కొన్నిచోట్ల రెండు ఫ్రేములను కలిపేసి ఉంటారు. ఒక్కో ఫ్రేమే జరుపుతూ చూస్తే కొయ్య రెండుగా కనిపించేవి ఆ కలిపినవి. నకళ్లను, కలిపినవాటిని తీసేసి, మిగిలినవి లెక్కపెట్టాలి. రీలు పొడవు అడుగుల్లో కేటలాగులో ఉంటే 16తో గుణించి పోల్చండి. పాతిక ముప్పై ఫ్రేములు తగ్గితే రీలు కొసలు తెగి ఉంటాయి. వందలు తగ్గితే మీ ఏరివేతలో నిజమైన ఫ్రేములు పోయాయి, మళ్లీ మొదలుపెట్టాలి. మధ్యలో ఒకటి రెండు ఫ్రేములు తెల్లగా మాడిపోయి కనిపిస్తే అవి పాడైనవని తీసేయకండి. కెమెరా ఆపి మళ్లీ తిప్పిన చోట అలా పడతాయి, అక్కడ పందెంలో ఎన్నో నిమిషాలు దాటిపోయి ఉంటాయి.

16 వేగపు రీలును ఇప్పటి 24లో చూపడానికి కొత్త ఫ్రేము ఒక్కటి కూడా పుట్టించనక్కర్లేదు. ఒకటి విడిచి ఒకటి ఫ్రేమును రెండుసార్లు చూపితే చాలు, రెండు మూడవుతాయి. 20 అయితే ప్రతి ఐదో ఫ్రేమును రెట్టించాలి. కొంచెం తడబాటు కనిపిస్తుంది, దాన్ని ఉండనివ్వాలి. ఏ వేగం అనుకున్నారో, ఏ ఫ్రేములు రెట్టించారో కాపీతో పాటు రాసి పెట్టండి, తరువాతివాళ్లు వెనక్కి తీసుకోగలగాలి. మచ్చలు తీసే సాఫ్ట్‌వేరును నీటి మీద ఆపేయండి. ఒక్క ఫ్రేములోనే కనిపించి మాయమయ్యేదాన్నల్లా అది దుమ్మనుకుంటుంది, నీటి తుంపర కూడా సరిగ్గా అలాగే ఒక్క ఫ్రేములోనే ఉంటుంది.

ఇంత చేశాక స్టార్ట్ షాట్ ఒకసారి వేసి చూడండి. ఫ్రేము అంచులు నిలకడగా ఉంటాయి. లోపల లైట్‌షిప్ ముక్కు లేచి దిగుతుంది, దిగంతం ఎడమకు వాలి కుడికి వాలుతుంది, బూడిద రంగు తెరచాప లైట్‌షిప్ కొయ్యల వెనక నుంచి బయటికొస్తుంది. స్టీమరు మరీ ఒరిగినప్పుడు కింది మూలలో రెయిలింగు ఒక్క క్షణం కనబడి పోతుంది. ఆ రెయిలింగు ఎన్ని ఫ్రేములకొకసారి వస్తుందో లెక్కపెట్టడం దగ్గర మొదలుపెట్టండి.